ఆర్జవ మహర్షి రెండు గడియల తపస్సు

పూర్వం, కృతయుగం ఇంకా సగమైనా గడవని రోజుల్లో, వింధ్యపర్వతానికి ఉత్తరాన హరితాంగమనే దేశాన్ని వసుకేతుడనే మహారాజు పాలించేవాడు. సత్యసంధుడూ, ప్రజావత్సలుడూ, అతిథి భుజించనిదే తాను అన్నం ముట్టనివాడూ అని పేరు పొందిన ఆ రాజు ఏలుబడిలో, క్షీరవేణి అనే నది ధూపగిరి పాదాలను ఒరుసుకుంటూ వచ్చి, రాజధాని అయిన రత్నసేతుపురాన్ని ప్రదక్షిణం చేసినట్టు చుట్టి, చెరకుతోటలనూ వరిమళ్లనూ తడుపుకుంటూ తూర్పుదిక్కుగా సాగిపోయేది. ఆ దేశంలో బిడ్డ పుడితే మొదటి స్నానం ఆ నీటితోనే చేయించేవారు. ఆడపిల్లను అత్తవారింటికి పంపితే వెంట ఒక కలశం నిండా ఆ నీళ్లే పంపేవారు.

అలా ఉండగా ఒకనాటి తెల్లవారుజామున భూమి మూడుమార్లు కంపించింది. ఇళ్లు పడిపోలేదు, మనుషులకు దెబ్బలు తగలలేదు. అందరూ బ్రతికి బయటపడ్డామని దేవతలకు మొక్కుకుంటూ ఉండగానే, నీళ్లకు వెళ్లిన స్త్రీలు ఖాళీ బిందెలతో పరుగెత్తుకుంటూ వచ్చారు. ధూపగిరికి వెనకవైపున నేల కుంగిపోయి, క్షీరవేణి అటు తిరిగి, నరసంచారం లేని మహారణ్యంలోకి వెళ్లిపోయింది. నది పారినచోట గులకరాళ్లూ, గిలగిల కొట్టుకుంటున్న చేపలూ మిగిలాయి.

వసుకేతుడు కొండను తొలిపించాలని చూస్తే ఉలులు విరిగాయి. బావులు తవ్విస్తే పాతిక నిలువుల లోతున రాయి తగిలింది. అప్పుడా రాజు, కిరీటం తీసి మంత్రి చేతికిచ్చి, పాదచారియై ధూపగిరి దిగువనున్న ఆర్జవ మహర్షి ఆశ్రమానికి వెళ్లాడు.

ఆర్జవుడు వేదవేదాంగ పారంగతుడు, మితభాషి, అప్పటికి నలభై ఏళ్లు నిండని నల్లని జడలవాడు. ఆయన ధర్మపత్ని విభావతి కూడా ఆయన ఈడుదే; ఇద్దరూ ఒకే మాసంలో పుట్టినవారు. చుట్టుపక్కల మునులకు ధర్మసందేహం వస్తే ఆర్జవుని దగ్గరికి వచ్చేవారు. ఆర్జవునికి సందేహం వస్తే వంటయింటి గుమ్మం దగ్గరికి వెళ్లేవాడు. ఆశ్రమంలో చిన్న ఊట ఒకటి ఉండడం వల్ల ఆ దంపతులకూ, వారి ఆవులకూ నీటికి కరువు లేదు గాని, నగరానికంతటికీ ఆ ఊట ఏ మూలకు చాలుతుంది?

రాజు మహర్షికి సాష్టాంగపడి, "తపోనిధీ! నగరంలో ఉన్న ధాన్యం కార్తికమాసం దాకా వస్తుంది. నీళ్లు అందాకా కూడా రావు. నా ప్రజలను కాపాడే ఉపాయం సెలవియ్యండి" అని ప్రార్థించాడు.

ఆర్జవుడు చాలాసేపు కళ్లు మూసుకుని ఉండి, "రాజా! దారి తప్పిన నది తిరిగి తన గర్భంలోకి రావాలంటే పన్నెండేళ్ల అఖండతపస్సు చేయాలి. ఒక్కదినం తక్కువైనా అది ఫలించదు. రేపు ఉదయమే నేను కొండెక్కి కూర్చుంటాను" అన్నాడు.

"మహాత్మా! పన్నెండేళ్లకు నది వస్తుంది, నిజమే. త్రాగడానికి ఇక్కడ ఎవరు మిగులుతారు?"

"నీ మేనమామ తూర్పుదేశాన్ని ఏలుతున్నాడు గదా. ప్రజలను అక్కడికి తీసుకునిపో. పన్నెండేళ్లు నిండగానే తీసుకుని రా. పిల్లలుగా వెళ్లినవారు పెద్దవారై వస్తారు."

"పెద్దవారుగా వెళ్లినవారి మాట?" అని రాజు అడిగాడు.

వేరే దారి లేక వసుకేతుడు ప్రయాణానికి చాటింపు వేయించాడు. మర్నాడు ప్రొద్దు పొడవగానే నగరమంతా బండ్లు కట్టింది. రాజు తానే వీథివీథీ తిరిగి ముసలివారికి చేయూతనిచ్చి ఎక్కిస్తూ ఉండగా, కందళి అనే కుమ్మరి అవ్వ తన రోటిని బండిలోకి ఎక్కించడం, దించడం, మళ్లీ ఎక్కించడం కనబడింది.

"ఏమిటవ్వా ఇది?"

"ఏం చెప్పేది తండ్రీ! దీన్ని నా పెళ్లినాడు ఆ ఏటి ఒడ్డునుంచే తెచ్చారు. మోసుకుపోదామంటే ఎద్దు ఈడ్వలేదు. వదిలేసి పోదామంటే నా చెయ్యి రావడంలేదు. పన్నెండేళ్లకు నేనెక్కడ, ఇదెక్కడ?" అని కందళి కొంగుతో ముఖం తుడుచుకుని, మళ్లీ రోటిని పట్టుకుంది. రాజు తానూ ఒక చెయ్యి వేశాడు.

అదే సమయానికి ఆశ్రమంలో ఆర్జవుడు కమండలం అందుకుని ప్రయాణమయ్యాడు. విభావతి పొయ్యి మీద పప్పు పడేసి వాకిట్లోకి వచ్చింది. ఇద్దరూ ఎదురుబొదురుగా నిలబడి, చెప్పుకోవలసినవన్నీ ముందునాడే చెప్పుకున్నందువల్ల, ఏమీ తోచక నవ్వుకున్నారు.

"వెళ్లిరండి. మీరు దిగి వచ్చేనాటికి నన్ను గుర్తుపడతారో లేదో" అంది విభావతి.

"నీవు పలికితే గుర్తుపడతాను" అని చెప్పి మహర్షి వెనుతిరగకుండా కొండెక్కాడు. కొండ భుజాన, ఆశ్రమం స్పష్టంగా కనిపించే ఒక రాతిపలక మీద దర్భాసనం పరచి, దాని పక్కన అరచేయెత్తు పెరిగిన పొగడమొక్క ఒకటి ఉంటే అది నలగకుండా సర్దుకుని కూర్చుని, ఆచమించి, సంకల్పం చెప్పాడు.

ఆయన కన్ను మూసిన మరుక్షణం, ఎండ కాస్తూ ఉండగానే, మేఘం లేని ఆకాశం నుంచి వెన్నెలరంగు మంచు ఒకటి దిగింది. అది చల్లగానూ లేదు, వెచ్చగానూ లేదు. ఆకుల మీద పడి తడి కాలేదు. ఊది ఆర్పిన దీపం మీద పొగ తేలినట్టు కొండ భుజాన్ని కప్పి, అక్కడ నిలిచింది. ఆ మంచులో ఉన్నవారికి కాలం ఒక తీరుగానూ, వెలుపలివారికి మరొక తీరుగానూ నడిచేది. లోపల ఏళ్లు గడుస్తూ ఉంటే వెలుపల రెప్పపాట్లు గడిచేవి. మహర్షికి ఈ సంగతి తెలియదు.

ఒక దినమంత జపం అయింది, రెండు దినాలంత అయింది. ప్రొద్దు వాలలేదు. మాసమంత జపం అయింది. ప్రొద్దు కదిలిన జాడ లేదు. పక్కనున్న పొగడమొక్క మోకాలెత్తు పెరిగింది, నడుమెత్తు పెరిగింది, పూసింది, పూలు రాల్చింది, మళ్లీ పూసింది. ఆయన గడ్డం నాభి దాకా దిగింది. ఒకనాడు జపం మధ్య కళ్లు తెరిచి చూస్తే, మంచుకు వెలుపల ఆకాశంలో ఒక గ్రద్ద రెక్కలు చాపి, చిత్రించిన బొమ్మలాగ నిలిచి ఉంది. తాను కూర్చున్ననాడు కూడా అది అక్కడే ఉండడం ఆయనకు జ్ఞాపకం వచ్చింది.

అప్పుడు దిగువకు చూశాడు. ఆశ్రమంలో వంటయింటి పొగ గాలిలో ముడులు పడి ఆగి ఉంది. విభావతి గుమ్మంలో ఒక అడుగు బయటికి పెట్టి ఉంది. మరునాటికి ఆ పాదం నేలకు ఆనింది. ఆ పైనాటికి రెండో పాదం లేచింది. ఆమె గుమ్మంలోనుంచి ఊట దగ్గరికి నడిచి వెళ్లడానికి ఒక మాసం పట్టింది. ఆర్జవుడు మహాజ్ఞాని కనుక సంగతి గ్రహించాడు. తన జుట్టు నెరుస్తోంది. ఆమె బిందె ఇంకా నిండలేదు.

'లేచి నూరడుగులు వేస్తే ఈ మంచు దాటిపోతాను. ఇంటికి వెళ్లి, ఆమెతో నాలుగు మాటలాడి, ఇంత అన్నం తిని, తిరిగి వచ్చి కూర్చున్నా లోకంలో ఎవరికీ తెలియదు' అని ఆయన మనస్సు అంది. 'నాకు తెలుస్తుంది' అని తానే జవాబు చెప్పుకుని కళ్లు మూసుకున్నాడు. ఇలా ఒకసారి కాదు. పొగడచెట్టు పూసిన ప్రతి ఏడూ మనస్సు అడిగేది, ఆయన జవాబు చెప్పేవాడు. చీకటి లేకపోవడం వల్ల నిద్ర సరిగా పట్టేది కాదు. ఋతువులు మారకపోవడం వల్ల ఎదురుచూడడానికి ఏమీ ఉండేది కాదు. ఏడో ఏట విభావతి నిండిన బిందె చంకనెత్తుకుని, అలవోకగా కొండవైపు తలెత్తి చూసింది. ఆ చూపు మూడు దినాలు నిలిచింది. ఆ మూడు దినాలూ మహర్షి జపమాల తిరుగుతూనే ఉంది గాని, కళ్లలోనుంచి నీళ్లు ధారగా కారుతూనే ఉన్నాయి.

పొగడచెట్టు పన్నెండో సారి పూసి రాల్చిన తరవాత, ఆర్జవుడు సంకల్పం ముగించి, చేతులు పైకెత్తి బ్రహ్మదేవుని మూడుమార్లు పిలిచాడు. సత్యలోకంలో ఆ పిలుపు విని బ్రహ్మ హంసవాహనం ఎక్కబోయి, 'ఈయన కూర్చున్నది ఇందాకనే గదా, అప్పుడే లేవడమేమిటి?' అని సంశయించి ఆగిపోయాడు. పిలిచినా దేవుడు రాకపోవడంతో మహర్షి పట్టు తప్పిన కాళ్లకు నడక నేర్పుకుంటూ, రాళ్లు పట్టుకుంటూ కొండ దిగి, ఆశ్రమం చేరాడు.

విభావతి పొయ్యి ఎదుట కూర్చుని గరిటెతో పప్పు మెదుపుతోంది. గుమ్మంలో నీడ పడగానే తల తిప్పకుండానే, "ఏం మరచిపోయి వచ్చారు? జపమాలా, కృష్ణాజినమా? చూడండి, రెండు గడియలైనా కాలేదు. ఊరివాళ్లు చూస్తే ఏమనుకుంటారు? ఆ మూల ఉంటుంది, తీసుకుని త్వరగా వెళ్లండి" అంది.

నీడ గుమ్మంలోనే నిలిచింది. ఆమె తిరిగి చూసింది. మోకాళ్లు దాటిన జడలు, నెరిసిన గడ్డం, లోతుకు పోయిన బుగ్గలు, ఎముకలు లెక్కకు అందే ఛాతీ. ఆమె గభాలున లేచి, పమిట సర్దుకుని, "క్షమించండి స్వామీ, మా వారనుకున్నాను. ఆయన ఇప్పుడే కొండెక్కారు. మీరెవరో పెద్దవారు, అలసి వచ్చినట్టున్నారు. కూర్చోండి, వంట అవుతూనే ఉంది" అంది.

"విభావతీ" అన్నాడు ఆ వచ్చినాయన.

ఆ ఒక్క మాటతో ఆమె చేతిలోని గరిటె జారి కిందపడింది. పన్నెండేళ్లుగా మంత్రం తప్ప మాటాడని గొంతు బొంగురుపోయింది గాని, ఆ పేరును అలా పిలిచేవాడు మూడులోకాల్లోనూ ఒక్కడే. ఆమె దగ్గరికి వచ్చి ఆయన ముఖాన్ని చేత్తో తడిమి, చూపు ఆనక మళ్లీ తడిమి, "ఇదేమిటి? ఇందాక వెళ్లిన మనిషికి ఇంతలో ఏమైంది?" అని అడిగింది.

మహర్షి జరిగినదంతా చెప్పాడు. గ్రద్ద సంగతి చెప్పాడు, మాసం పట్టిన నడక చెప్పాడు, మూడు దినాల చూపు చెప్పాడు. ఆమె అంతా విని, నేలమీద కూలబడి ఏడ్చింది.

"ఎందుకేడుస్తావు? వచ్చేశాను గదా" అన్నాడాయన.

"మీరు పన్నెండేళ్లు నా కోసం కళ్లు కాయలు కాచేలా చూశారు. నేను మిమ్మల్ని తలచుకునేపాటి తీరికైనా కాలేదు. పప్పు మెదుపుతూ మీరు తిరిగి వచ్చారని విసుక్కున్నాను గూడా" అని ఆమె వెక్కుతూ ఉంటే, ఏం చెప్పి ఓదార్చాలో తెలియక మహర్షి నవ్వాడు. ఆయన నవ్వడం చూసి ఆమెకూ నవ్వొచ్చింది. ఆ తరవాత చప్పున కళ్లు తుడుచుకుని, "సరే, వరం ఏమైంది? నది ఏదీ?" అని అడిగింది.

"పిలిచాను. ఎవరూ రాలేదు."

"రాకపోవడమేమిటి? బండ్లు కదులుతున్నాయి! మరోసారి పిలవండి. ఈసారి నేనూ పిలుస్తాను."

ఇద్దరూ వాకిట్లో నిలబడి, చేతిలో ఊటనీళ్లు పట్టుకుని పిలిచారు. ఒక మహర్షి పిలుపుకు సంశయించి ఆగిన బ్రహ్మ, ఒక పతివ్రత పిలుపు కూడా కలిసేసరికి ఆగలేక, ఇంద్రాది దేవతలతో సహా ఆశ్రమ వాకిట్లో ప్రత్యక్షమయ్యాడు. ఇంట్లో ఉన్న చాపలు రెండే కావడం వల్ల ఒకదాని మీద బ్రహ్మనూ, ఒకదాని మీద ఇంద్రుణ్నీ కూర్చోబెట్టి, మిగిలిన దేవతలకు విభావతి అరటిఆకులు పరిచింది. వజ్రాయుధాన్ని పూలసజ్జ పక్కన పెట్టి ఇంద్రుడు కూర్చున్నాడు.

అంతలో వసుకేతుడి బండ్లు ఆశ్రమం ముందు బాటమీదికి వచ్చాయి. దేవతల తేజస్సు చూసి రాజు బండ్లను ఆపించి, లోనికి వచ్చి చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఆయన వెనక ప్రజలంతా దడి పొడుగునా మూగారు.

బ్రహ్మదేవుడు ఆర్జవుని చూసి, "నాయనా! నీ శరీరం చూస్తే పన్నెండేళ్ల తపస్సు కనబడుతోంది. సూర్యుణ్ని చూస్తే రెండు గడియలే కనబడుతున్నాయి. ఏది నిజమని తేల్చాలి?" అన్నాడు.

ఇంద్రుడు వెంటనే అందుకుని, "పితామహా! ఇందులో తేల్చవలసిందేముంది? తపస్సంటే గ్రీష్మంలో పంచాగ్నుల మధ్య నిలవాలి, వర్షంలో తడవాలి, హేమంతంలో మంచునీళ్లలో మునగాలి. ఈయన ఎండ చూడలేదు, వాన చూడలేదు. ఒక్క ప్రొద్దు హాయిగా కూర్చుని లేచాడు. దీనికి వరమిస్తే రేపు సోమరి మునులంతా 'మాకో మంచుతెర కావాలి' అని బయల్దేరతారు. మూడులోకాల్లో తపస్సుకు విలువ ఏం మిగులుతుంది?" అన్నాడు.

తాను చేసింది తానే పొగుడుకోవడం ఆర్జవునికి చేతకాదు. దడి అవతలనుంచి కందళి మాత్రం, "అయ్యా, నీవెవరో పెద్ద దేవుడిలాగున్నావు. అవునంటే అవును, కాదంటే కాదని తొందరగా చెప్పు బాబూ. ఎద్దులు ఎండలో నిలబడ్డాయి" అని కేకేసింది. వసుకేతుడు కంగారుపడి అవ్వను ఊరుకోమని సైగచేశాడు. బ్రహ్మ మాత్రం నవ్వాడు.

అప్పుడు విభావతి ముందుకు వచ్చి, దేవతలకు నమస్కరించి ఇలా అంది: "దేవేంద్రా! తపస్సుకు ఎండా, వానా కావాలన్నారు. సరే. ఎండకు సాయంత్రం ఉంటుంది. వాన ఏనాటికో వెలుస్తుంది. హేమంతంలో తెల్లవారేదాకా ఓర్చుకుంటే సూర్యుడు వస్తాడు. ఈయనకు సాయంత్రమూ లేదు, తెల్లవారడమూ లేదు. కునుకు తీయడానికి ఇంత చీకటైనా లేదు. పన్నెండేళ్లూ ఒకే ప్రొద్దు! అది హాయి అని మీకు తోస్తే, స్వర్గంలో ఒక్క ఏడాది అలా ఉండి చూడండి, నేను మళ్లీ మాటాడను."

దేవతలు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఆమె ఆగలేదు.

"మరొక మాట. మునులు తపస్సులో ఉంటే పరీక్షించడానికి మీరు అప్సరసలను పంపుతారని లోకమంతా ఎరుగును. ఈయనకు పంపలేదు, మీకు వ్యవధి లేకపోయింది. అయినా ఈయన కళ్లెదుట నేనున్నాను. సొంత ఇల్లుంది, పొయ్యి మీద వంట ఉంది, లేచి నూరడుగులు వేస్తే దారి ఉంది. వచ్చి భోంచేసి వెళ్లినా అడిగే దిక్కు లేదు. మీకు కూడా తెలిసేది కాదు, దేవరా. పన్నెండేళ్లు ప్రతిరోజూ రావచ్చు. రాలేదు. ఈ దడి అవతలున్న వాళ్ల కోసం రాలేదు. దీన్ని తపస్సు కాదంటే ఇక దేన్ని తపస్సంటారో మీరే సెలవియ్యండి."

ఇంద్రుడు చాపమీద ఇటూ అటూ సర్దుకుని, "సాధ్వీ! బృహస్పతి దగ్గర వాదించి ఎన్నోసార్లు ఓడిపోయాను గాని, ఇంత త్వరగా ఓడిపోలేదు" అన్నాడు. దేవతలంతా గొల్లున నవ్వారు.

బ్రహ్మ గంభీరంగా, "అయితే అసలీ మంచు ఎక్కడిది? నేను సృష్టించలేదు. వరుణుడు కురిపించలేదు. వాయువు మోసుకురాలేదు" అని దేవతలను కలయజూశాడు. అందరికన్నా వెనక, అరటిఆకు మీద కూర్చోకుండా వాకిట్లో పచార్లు చేస్తున్న ఒకడు తలవంచుకున్నాడు. ముసలివాడనీ, పడుచువాడనీ చెప్పడానికి వీలులేని ముఖం, దుమ్ము కొట్టుకున్న పాదాలు, భుజాన పగలూ రాత్రీ అనే రెండంచుల ఉత్తరీయం. అతడే కాలపురుషుడు.

"పితామహా! తప్పు నాది" అన్నాడు కాలుడు. "సృష్టి మొదలైనప్పటి నుంచి నేను నిలిచి ఎరుగను. ఈ ఉదయం ఈ నగరం మీదుగా పోతూ, ఒక అవ్వ తన రోటిని బండిలోకి ఎక్కించి, దించి, మళ్లీ ఎక్కించడం చూశాను. ఆమె చేతులు చూసి నా అడుగు రెప్పపాటు ఆగింది. ఆగి, నిట్టూర్చాను. ఆ నిట్టూర్పే కొండమీద మంచై దిగింది. నేను తీసివేసుకుందామనుకునేలోగా ఈయన అందులో కూర్చుని ఉన్నాడు. తపస్సులో ఉన్నవాడి మీద చెయ్యి వెయ్యడానికి నాకు అధికారం లేదు. ఇప్పుడు కూడా దాన్ని వెంటనే ఎత్తివేయాలి. సాయంత్రానికి అది మైదానంలోకి దిగితే, అందులో చిక్కినవారు తెల్లవారేలోగానే నూరేళ్లూ ముగించుకుంటారు."

ఆ మాట వింటూనే అందరూ కొండవైపు చూశారు. మంచు అంచు అప్పటికే రాతిపలక దిగి, వాలు వెంట జారుతోంది. మేస్తున్న మేక ఒకటి దాని అంచుకు తాకి, ఇవతలికి వచ్చేసరికి కొమ్ములు జానెడు పెరిగి, తన కొమ్ములు చూసుకుని తానే బెదిరి పరుగెత్తింది. తల్లులు పిల్లలను దగ్గరికి లాక్కున్నారు. కాలపురుషుడు మూడంగల్లో కొండెక్కి, ఉత్తరీయం కొస పరచి, వెన్న తీసినట్టు ఆ మంచునంతా తీసి, మూటకట్టి భుజాన వేసుకుని తిరిగి వచ్చాడు. కొండ మీద నిండుగా పెరిగిన పొగడచెట్టు ఒకటి, నిన్నటిదాకా లేని చోట, అందరికీ కనబడింది. ఇంద్రుడే ముందుగా దానికి నమస్కరించాడు.

బ్రహ్మదేవుడు లేచి నిలబడి, "ఆర్జవా! లోకానికి ఎంత కాలం గడిచిందన్నది సూర్యుడికి సంబంధించిన విషయం. తపస్వికి ఎంత గడిచిందన్నదే నాకు కావాలి. నీవు పన్నెండేళ్లు తపస్సు చేశావు. ఆ తపస్సు పూర్ణం, నిర్దోషం. క్షీరవేణి తన పాతదారికి వచ్చుగాక!" అని కమండలంలోని నీళ్లు చల్లాడు.

ధూపగిరి లోపల మృదంగం మోగినట్టయింది. కుంగిన నేల పైకి లేచింది. మరికొంతసేపటికి గులకరాళ్ల మీద సన్నని మెరుపొకటి పాకుతూ వచ్చి, పిల్లకాలువై, కాలువై, చూస్తూ ఉండగానే ఒడ్డులు ఒరుసుకునే మహానదిగా, వెళ్లిననాటి చేపలతో సహా తిరిగి వచ్చింది. ఎద్దులు కాడితోనే నీళ్లలోకి దిగాయి. ప్రజలు బండ్లమీది సామాను దించడం మాని ఒకరిమీద ఒకరు నీళ్లు చల్లుకున్నారు. కందళి అవ్వ రాజును గట్టిగా పిలిచి, "రోలు మాత్రం నువ్వే దించాలి తండ్రీ, ఎక్కించినవాడివి నువ్వే గదా" అంది. వసుకేతుడు ఉత్తరీయం నడుముకు చుట్టుకుని సంతోషంగా దించాడు.

దేవతలు బయల్దేరబోతూ ఉంటే బ్రహ్మ మహర్షిని చూసి, "లోకం కోసం కోరిన వరం ఇచ్చాను. నీకోసం ఏమైనా కోరుకో. ఖర్చైన పన్నెండేళ్ల వయస్సును తిరిగి ఇవ్వమంటావా?" అని అడిగాడు.

ఆర్జవుడు చేతులు జోడించి, "స్వామీ, ఆ ఏళ్లు తిరిగి తీసుకుంటే అవి చేసిన తపస్సు ఎక్కడ నిలుస్తుంది? నది మళ్లీ వెళ్లిపోతుంది. వద్దు. నాకు లోటేమీ లేదు" అన్నాడు.

"మీకు లేకపోవచ్చు, నాకుంది" అంది విభావతి. ఆమె కాలపురుషుని వైపు తిరిగి, "అయ్యా! ఈయనా, నేనూ ఒకే మాసంలో పుట్టినవాళ్లం. ఒకరి ముందూ, ఒకరి వెనకా నడవడం మాకు అలవాటు లేదు. మీరు రెప్పపాటు ఆగినందుకు ఈయన నాకన్నా పన్నెండేళ్లు ముందుకు వెళ్లిపోయారు. ఇచ్చిన ఏళ్లు తిరిగి ఇవ్వమని నేనడగను. ముందుకు పోయిన మనిషిని అక్కడే నిలిపి ఉంచండి. నేను వచ్చి కలుసుకుంటాను" అని కోరింది.

కాలుడు మొదటిసారి ఆమెను నేరుగా చూశాడు. "అమ్మా! నన్ను ఆగమన్నవారున్నారు, వెనక్కి నడవమన్నవారున్నారు. ఇంత చిన్న కోరిక ఇంతవరకు ఎవరూ కోరలేదు. తప్పు నాది కనుక ఇది నేను తీర్చవలసిందే. నేటినుంచి పన్నెండేళ్లు నీ భర్తను నేను ముట్టను. నీవు ఆయన వయస్సుకు వచ్చిననాటి నుంచి మీ ఇద్దరినీ ఒకే చేత్తో పట్టుకుని నడిపిస్తాను" అని మాట ఇచ్చాడు. బ్రహ్మ తథాస్తు అన్నాడు. ఇంద్రుడు కూడా, ఎవరూ అడగకపోయినా, తథాస్తు అన్నాడు. దేవతలు అంతర్ధానమయ్యారు. రత్నసేతుపురంలో ఆనాడు ప్రతి ఇంటా కొత్త నీళ్లతో వంట అయింది. వసుకేతుడు ఎప్పటిలాగే అతిథులను కూర్చోబెట్టి ఆ తరవాతనే భుజించాడు.

అటు పిమ్మట హరితాంగ దేశంలో వానలు వేళకు కురిశాయి, పంటలు వేళకు పండాయి, పగలు పగలుగానూ రాత్రి రాత్రిగానూ నడిచింది. ఆశ్రమంలో మాత్రం ఒక కొత్త అలవాటు మొదలైంది. రోజూ సాయంసంధ్య వార్చుకున్నాక ఆర్జవుడు అరుగు మీద కూర్చునేవాడు. విభావతి ఆవులకు నీళ్లు పెట్టి వచ్చి పక్కన చేరేది. "ఇవాళ్టిది చెప్పండి" అనేది ఆమె. ఆయన తపస్సులోని ఒక్కొక్క దినాన్ని, మొదటి దినం నుంచి వరుసగా, రోజుకొకటి చెప్పేవాడు. ఆనాడు పొగడచెట్టు ఎంత పెరిగిందీ, మనస్సు ఏమని అడిగిందీ, తానేమని జవాబు చెప్పిందీ, ఆమె పాదం ఎంత లేచిందీ. కొన్ని దినాలు చెప్పడానికి ఏమీ ఉండేది కాదు. "ఆ రోజు ఏమీ జరగలేదు" అని ఆయన అంటే, "అదీ వింటాను" అని ఆమె అనేది. ఏడో ఏటికి వచ్చి, మూడు దినాల చూపు చెప్పవలసి వచ్చినప్పుడు ఆయన మూడు సాయంత్రాలు ఏమీ మాటాడలేకపోయాడు. ఆమె కూడా అడగకుండా మూడు సాయంత్రాలూ పక్కనే కూర్చుంది.

ఇలా చెప్పగా చెప్పగా పన్నెండేళ్లు నిండాయి. చివరి సాయంత్రం ఆర్జవుడు, చెట్టు పన్నెండో సారి పూసి రాల్చడం, తాను సంకల్పం ముగించి లేవడం, కాళ్లు తడబడుతూ కొండ దిగడం చెప్పి, గుమ్మం దాకా వచ్చి ఆగాడు. అప్పటికి విభావతి తలలోనూ ఆయన తలలో ఉన్నంత నెరుపు ఉంది. నుదుట గీతలు ఆయనకెన్నో ఆమెకూ అన్నే.

"ఆ తరవాత?" అని అడిగింది ఆమె.

"ఆ తరవాతది నీకూ తెలుసు" అన్నాడు మహర్షి.

ఆ మరునాటి నుంచి ఆ దంపతులు కలిసి ముసలివారయ్యారు. దూరమైనవారి కోసం ఎదురుచూసేవారు ఈ వృత్తాంతాన్ని భక్తితో చదివితే, వారి రోజులు తేలికపడి, వేచినంతకాలమూ వృథా పోకుండుగాక అని కాలపురుషుడు తానే దీవించినట్టు పెద్దలు చెబుతారు.